క్లారా పొన్సాతి ఎవరు? ఎకనామిక్స్ ప్రొఫెసర్‌పై స్పెయిన్ అరెస్టు వారెంట్ ఎందుకు జారీ చేసింది?

క్లారా పొన్సాతి 1957లో బార్సిలోనాలో పుట్టారు. అమెరికాలోని మిన్నెసోటా యూనివర్సిటీలో డాక్టరేట్ చేసి, స్కాట్లాండ్‌లోని సెయింట్ ఆండ్రూస్‌లో పాఠాలు చెప్పేవారు. ఆమె సబ్జెక్టు గేమ్ థియరీ, అంటే ఎదుటివాళ్లు ఏం చేస్తారో అంచనా వేసుకుని ఎత్తులు వేయడాన్ని లెక్కలతో చూసే శాస్త్రం; ముఖ్యంగా బేరసారాలు ఎలా తెగుతాయి, ఎక్కడ చెడతాయి అన్నది.

2017 జూలైలో, బార్సిలోనా రాజధానిగా ఉన్న స్పెయిన్ ప్రాంతం కాటలోనియా ప్రభుత్వంలో విద్యామంత్రి అయ్యారు. అసలు చిక్కు ఆ శాఖలోనే ఉంది. రాజ్యాంగ న్యాయస్థానం ఆపమన్న స్వాతంత్ర్య రిఫరెండం అక్టోబర్ 1న జరిగింది. పోలింగ్ కేంద్రాల్లో చాలావరకు బడులే. ఆ నెల 27న కాటలాన్ పార్లమెంటు స్వాతంత్ర్యం ప్రకటించగానే మాడ్రిడ్‌లోని స్పెయిన్ కేంద్ర ప్రభుత్వం ఆ ప్రభుత్వాన్ని రద్దు చేసింది. ఆమె బెల్జియం వెళ్లి, 2018లో తిరిగి స్కాట్లాండ్‌లో ఉద్యోగంలో చేరారు. తిరుగుబాటు నేరం కింద స్పెయిన్ వారెంట్ పంపితే ఎడిన్‌బరోలో స్వయంగా లొంగిపోయి, బెయిల్ తెచ్చుకున్నారు. కోర్టు ఖర్చులకు జనం నుంచి విరాళాలు అడిగితే కొద్ది గంటల్లోనే లక్ష పౌండ్లు దాటాయి! ఆ జూలైలో స్పెయినే వారెంట్ వెనక్కి తీసుకుంది, 2019లో మళ్లీ ఇచ్చింది.

2020లో బ్రిటన్ యూరోపియన్ యూనియన్ నుంచి బయటికి వెళ్లడం (బ్రెగ్జిట్) వల్ల స్పెయిన్‌కు అదనపు సీట్లు రావడంతో యూరోపియన్ పార్లమెంటు సభ్యురాలయ్యారు. 2023 మార్చిలో బార్సిలోనాకు వస్తే అరెస్టు చేసి, కొన్ని గంటల్లో వదిలేశారు. అప్పటికి మిగిలింది ధిక్కార ఆరోపణ, అంటే ఆదేశాలు పాటించలేదన్న ఆరోపణ ఒక్కటే.

నాకు ఆసక్తిగా అనిపించేది వేరే. 2017లో తమ ప్రభుత్వం పేకాటలో బ్లఫ్ కొట్టినట్టే చేసిందని ఆమే తర్వాత ఒప్పుకున్నారు. గేమ్ థియరీ చెప్పే మనిషి నోట ఆ మాట!