‘కాన్వాసింగ్ చేస్తే అనర్హులు’ అంటే ఎన్నికల్లో తిరిగినవారికి ఉద్యోగం రాదనా?

ప్రశ్న: పంచాయతీ ఎన్నికల్లో మా బాబాయి తరఫున ఇంటింటికీ తిరిగాను. ఇప్పుడు ఒక ఉద్యోగ ప్రకటన చివర ‘ఏ రూపంలో కాన్వాసింగ్ చేసినా అనర్హులు’ అని ఉంది. నేను దరఖాస్తు చేయకూడదా? అసలు ఈ మాటకు అర్థం ఏమిటి, ఎక్కడి నుంచి వచ్చింది?

జవాబు: నిశ్చింతగా దరఖాస్తు పెట్టండి. ఆ ప్రకటనలో కాన్వాసింగ్ అంటే సిఫార్సు. ఎంపిక చేసే అధికారికి పెద్దవాళ్లతో ఫోను చేయించడం, ఉత్తరం రాయించడం, ఇంటర్వ్యూకు ముందు బోర్డు సభ్యుల ఇంటికి వెళ్లి కలవడం లాంటివన్నీ దాని కిందికి వస్తాయి. మీ బాబాయి గారి కోసం మీరు ఓట్లు అడగడానికీ దానికీ సంబంధం లేదు.

నేను పాలకొల్లు దగ్గర ఒక ప్రైవేటు కళాశాలలో ఇంగ్లీషు చెప్పేవాడిని. అక్కడ ఈ మాట ఎన్నికలకన్నా వేసవి సెలవుల్లోనే ఎక్కువగా వినిపించేది. పదో తరగతి పరీక్షలు అయిపోగానే లెక్చరర్ల చేతికి పిల్లల పేర్ల జాబితా, కరపత్రాల కట్ట ఇచ్చి ‘కాన్వాసింగ్‌కు వెళ్లండి’ అనేవారు. కాలువ గట్ల వెంట ఊరూరా తిరిగేవాళ్లం. పాఠం చెప్పేవాళ్లను సీట్లు నింపడానికి ఎండలో తిప్పడం అన్యాయమని అప్పుడూ అనుకున్నాను, ఇప్పుడూ అదే అంటాను. అయితే ఈ క్రియకున్న రెండో అర్థం నాకు బాగా ఒంటబట్టింది ఆ తిరుగుడులోనే.

ఆచంట వైపు ఒక ఊళ్లో ఒకాయన పెరట్లో గునపానికి గుచ్చి కొబ్బరికాయలు ఒలుస్తున్నారు. కరపత్రం ఇస్తే చదవకుండానే డొక్కల కుప్ప మీద పెట్టేశారు. ‘‘ర్యాంకుల సంగతి తర్వాత మాస్టారూ, సాయంత్రం బస్సు ఎన్ని గంటలకు దింపుతుంది? దిగాక మా అమ్మాయి చీకట్లో గట్టు మీద నడిచి రావాలి’’ అన్నారు. ఆ రోజు నుంచి మా కళాశాల గొప్పలు చెప్పడం తగ్గించి, ముందు వాళ్లకు ఏం కావాలో అడిగి జాబితా వెనక రాసుకునేవాడిని. ఇంగ్లీషులో ఇదీ కాన్వాసింగే. నలుగురి అభిప్రాయం కనుక్కోవడాన్ని కూడా ఆ క్రియతోనే చెబుతారు. తెలుగులోకి వచ్చేసరికి అడగడమే మిగిలింది, కనుక్కోవడం జారిపోయింది. నాకు అదే బాధ.

ఇక పుట్టుక. కాన్వాస్ అనే ముతక గుడ్డ పేరుకు మూలం లాటిన్‌లోని ‘కన్నాబిస్’, అంటే గంజాయి జాతి మొక్క. ఆ నారతో నేసిన గుడ్డ పేరు ప్రాచీన ఫ్రెంచి మీదుగా ఇంగ్లీషుకు చేరింది. (మన చేలల్లో వరి వెనక చల్లే జనుము అది కాదు, ఆ మొక్క వేరు.) తెరచాపలు, గుడారాలు దానితోనే కుట్టేవారు. 16వ శతాబ్దం మొదట్లో అది క్రియగా మారినప్పుడు అర్థం ఏమిటో తెలుసా? మనిషిని ఆ గుడ్డలో పడేసి, నలుగురూ అంచులు పట్టుకుని పైకి ఎగరేయడం! ఆటకో, శిక్షకో అలా చేసేవారు. అక్కడి నుంచి చితకబాదడం, మాటలతో దులిపేయడం అనే అర్థాలు వచ్చాయి. మనం ‘ఉతికి ఆరేశాడు’ అంటామే, అలాంటిదే. తర్వాత ఒక విషయాన్ని అటూ ఇటూ తిరగేసి క్షుణ్ణంగా చర్చించడం అనే అర్థం చేరింది. ఓట్లు అడగడం అనే అర్థమూ ఆ శతాబ్దంలోనే పుట్టింది. ఈ రెండింటికీ వంతెన పరిశీలనే అని నా నమ్మకం: ఏ ఇల్లు మనవైపు, ఏ ఇల్లు కాదు అని లెక్క చూసుకోనివాడు ఓట్లు అడగలేడు కదా.

ఆ పరిశీలన అర్థం అమెరికాలో ఇంకా బతికే ఉంది. పోలైన ఓట్లను అధికారికంగా సరిచూసి ధ్రువీకరించడాన్ని అక్కడ ఇదే మాటతో పిలుస్తారు. 2000 అధ్యక్ష ఎన్నికల్లో ఫ్లోరిడాలో ఓట్ల లెక్క మీద గొడవ జరిగినప్పుడు వార్తల్లో నానిన ‘కాన్వాసింగ్ బోర్డులు’ ఓట్లు అడిగేవి కావు, లెక్క తేల్చేవి. స్పెల్లింగ్‌లో ఒక్కటి గుర్తుంచుకోండి: గుడ్డకు చివర ఒక ఎస్, క్రియకు రెండు.

మన చట్టంలోనూ ఈ మాట ఉంది. 1951 ప్రజాప్రాతినిధ్య చట్టం 130వ సెక్షన్ ప్రకారం పోలింగ్ రోజున కేంద్రానికి 100 మీటర్ల లోపల ఓట్ల కోసం కాన్వాసింగ్ చేయకూడదు. చేస్తే 250 రూపాయల వరకు జరిమానా. ఫలానావారికి ఓటు వేయవద్దని నచ్చజెప్పడమూ అక్కడ నేరమే.

మీరు జాగ్రత్తపడవలసింది ఉద్యోగం వచ్చాక. అది కేంద్ర ప్రభుత్వ ఉద్యోగమైతే 1964 ప్రవర్తనా నియమావళి వర్తిస్తుంది. చట్టసభల ఎన్నికలైనా, స్థానిక సంస్థల ఎన్నికలైనా ఎవరి తరఫునా కాన్వాసింగ్ చేయకూడదని అందులో స్పష్టంగా ఉంది. మీ ఓటు మీరు వేసుకోవచ్చు. బాబాయి గారు మళ్లీ నిలబడితే మాత్రం ఆయన కోసం ఇంటింటికీ తిరగడం కుదరదు.