క్రీమ్ మానేస్తే ముఖం మండుతోంది... ఏం చేయాలి?

ప్రశ్న: నా వయసు 23. హైదరాబాద్‌లో ఒక ఆఫీసు రిసెప్షన్‌లో పనిచేస్తున్నాను. మేకప్ లేకుండా వెళ్తే ‘ఒంట్లో బాగోలేదా’ అంటారు. ఇంట్లో సంబంధాలు చూస్తూ ‘రంగు కాస్త తేలితే బాగుండు’ అంటున్నారు. పార్లర్‌లో చెప్పిన క్రీమ్ మెడికల్ షాపులో కొని ఐదు నెలలుగా రాస్తున్నాను. మొదట్లో ముఖం తెల్లబడింది. ఇప్పుడు ఒక్కరోజు మానినా ఎర్రగా కంది మండుతోంది. మొటిమలు, పెదవి పైన నూగు కూడా వచ్చాయి. అవి కనపడకుండా ఫౌండేషన్ మందంగా వేస్తున్నాను.

జవాబు: ముందు ఆ ట్యూబు మీది చిన్న అక్షరాలు చదవండమ్మా. బీటామెథసోన్, క్లోబెటసాల్, మొమెటసోన్... వీటిలో ఏ పేరున్నా అది స్టెరాయిడ్. మొమెటసోన్‌కి హైడ్రోక్వినోన్ (రంగు తగ్గించే మందు), ట్రెటినాయిన్ (పై చర్మం త్వరగా ఊడేలా చేసే మందు) కలిపిన క్రీములు కూడా ఉంటాయి. మంగు మచ్చలకు కొద్ది వారాలు మాత్రమే వాడమని మేం రాసిచ్చే మందు అది. డాక్టర్ చీటీ లేకుండా అమ్మకూడదు. అయినా అమ్ముతున్నారు, నాకు బాధ కలిగించేది అదే.

మీరు చెప్పినవన్నీ స్టెరాయిడ్ వల్ల చర్మం దెబ్బతిన్న లక్షణాలే. రాసిన కొత్తలో రక్తనాళాలు కుంచించుకుపోయి ముఖం తెల్లగా కనిపిస్తుంది. నెలల తరబడి రాస్తే చర్మం పల్చబడుతుంది, మొటిమలు, నూగు వస్తాయి. మానగానే మంట, ఆ మంటకు భయపడి మళ్లీ అదే క్రీమ్. చాలామంది అమ్మాయిలు ఇక్కడే ఇరుక్కుపోతున్నారు.

ఈ వారమే చర్మ వైద్యుల్ని కలవండి. ఒక్కసారిగా మానాలా, మెల్లగా తగ్గించాలా అన్నది వాళ్లు చూసి చెప్తారు. మానాక కొన్ని వారాలు ముఖం ఇంకా ఎర్రబడవచ్చు. అది క్రీమ్ అవసరమని కాదు, అలవాటు వదులుతోందని. టెన్షన్ పడి మళ్లీ రాయకండి. ఘాటు లేని ఫేస్‌వాష్, వాసన లేని మాయిశ్చరైజర్, ఎస్పీఎఫ్ 30 సన్‌స్క్రీన్ చాలు. నిమ్మరసం, బ్లీచ్, ఫేషియల్ వద్దు.

ఫౌండేషన్ కూడా ప్రస్తుతానికి ఆపేయండి. ఆఫీసులో అడిగితే చికిత్సలో ఉన్నారని డాక్టర్‌తో ఉత్తరం రాయించుకోండి, అడగడానికి మొహమాటపడకండి. కాటుక, లిప్‌స్టిక్ మీకిష్టమైతే పెట్టుకోండి. మీ ఇష్టంతో వేసుకునే మేకప్ మీద నాకు ఏ అభ్యంతరమూ లేదు, రాత్రి పడుకునే ముందు తీసేస్తే చాలు.

ఇక రంగు సంగతి. మీ చర్మానికి రంగునిచ్చే మెలనిన్ జబ్బు కాదు, ఎండ నుంచి కాపాడే కవచం. ఈ మాట మీ అమ్మగారు డాక్టర్ నోటి నుంచే వినాలి. వెళ్లేటప్పుడు ఆ ట్యూబుతో పాటు ఆవిడనీ తీసుకెళ్లండి.