చేపల గుంట గట్టు మీద కూరపాదులు పెట్టేవారికి మందు గురించి ఒక మాట

నెల్లూరు జిల్లా కోవూరు దగ్గర 20 సెంట్లలో చేపల గుంట తవ్వి, గట్ల మీద కూరపాదులు పెంచవచ్చా అని అడిగారు. తప్పకుండా పెంచవచ్చు. ఇందుకూరుపేట వైపు మేము ఆరేళ్లుగా అదే చేస్తున్నాం. నేల బంకమన్ను అయితేనే తవ్వించండి, ఇసుకపాలు ఎక్కువైతే నీరు నిలవదు. బోరు నీరు ఒకసారి నోట్లో వేసుకుని చూడండి. ఉప్పు తగిలిందంటే చేపలు కొంత ఓర్చుకున్నా చిక్కుడు పాదు ఓర్చుకోదు.

ఎకరానికి 2000 చేపపిల్లల లెక్కన మీకు 400 చాలు. కట్ల పైనీటిలో, రోహు మధ్యలో, మోసు అడుగున మేస్తాయి కాబట్టి మూడూ కలిపి వదలండి. మేతకు తవుడు, వేరుశనగ చెక్క.

అసలు చెప్పాల్సింది మందు సంగతి. రెండో ఏడు బీర పందిరిని నీటి మీదికి వాల్చి వేశాను. ఆకులను ఎర్ర పెంకు పురుగు జల్లెడ చేసేస్తుంటే, దుకాణంలో ఇచ్చిన సైపర్‌మెత్రిన్ అనే పురుగుమందు తెచ్చి సాయంత్రం కొట్టాను. తెల్లవారి చూస్తే చేపలు పైకి తేలి నోళ్లు తెరుస్తున్నాయి. మబ్బు పట్టిన రోజుల్లో తెల్లవారుజామున నీటిలో ప్రాణవాయువు తగ్గి అలా తేలడం మామూలే, అదే అనుకుని మోటారు వేశాను. ఎండెక్కినా తేరుకోలేదు. గాలి చాలకపోతే ముందు పెద్ద చేపలు పోతాయి. ఇక్కడ వేలెడంత పిల్లలు ముందు పోయాయి, పక్కకు ఒరిగి గిరగిరా తిరుగుతూ. అప్పుడు అర్థమైంది, ఆకుల మీది మందు నీటిలోకి జారిందని. ఆ జాతి మందులు చుక్క పడినా చేపలకు విషమే. గంపలకెత్తి పూడ్చిపెట్టిన ఆ పిల్లలు ఇప్పటికీ కళ్ల ముందు మెదులుతాయి.

ఆ తర్వాత గట్టు మీద మందు కొట్టలేదు. పొద్దున్నే, పురుగు చురుకుగా ఎగరని వేళలో, చేత్తో ఏరి గుంటలో వేస్తాం, చేపలు తినేస్తాయి. కాకరకు, బీరకు పండు ఈగ పడితే, మగ ఈగలను వాసనతో రప్పించి పట్టే లింగాకర్షక బుట్టలు కడతాం. పందిరిని గట్టుకు బయటివైపు వాల్చాం. పాదులకు గుంట నీరే పెడతాం, చేపల పెంటతో ఆ నీటికి మంచి సారం ఉంటుంది, యూరియా బాగా తగ్గింది.

పక్క చేలో ఎవరైనా మందు కొడితే ఆ మురుగు మీ గుంటలోకి రాకుండా చుట్టూ చిన్న కాలువ తీయించండి. తవ్వేటప్పుడే చేయించుకుంటే ఖర్చు తక్కువ. నవంబరు వానలకు గట్టు పొర్లే అవకాశం ఉంది, అలుగు దగ్గర వల బిగించడం మరవకండి. మీ బోరు నీరు ఎలా ఉందో రాస్తే ఏ పాదులు నిలుస్తాయో చెబుతాను.