స్టేటస్‌ల కొటేషన్ పెడితే ఉరుకుడు పెరుగుతదా?

ప్రశ్న: అక్కా, కానిస్టేబుల్ ఈవెంట్స్ కోసం హన్మకొండ జేఎన్ఎస్ గ్రౌండ్‌ల పొద్దుగాల ఉరుకుతున్న. 1600 మీటర్లు 7 నిమిషాల 15 సెకన్లల గావాలె, అయితలేదు. ప్లేయర్ల మాటలు స్టేటస్‌ల పెట్టుకుంటే రెండ్రోజులు జోష్, మళ్లా మామూలే. ఏం జేయాలె?
– ఓ పాఠకుడు, కాజీపేట

జవాబు: పెట్టుకో తమ్ముడూ, తప్పేం లేదు, కానీ ఆ మాటలల్ల లెక్కలు సూడు. బాస్కెట్‌బాల్ ప్లేయర్ మైకేల్ జోర్డాన్ ఒక షూ యాడ్‌ల 9000కు పైగా షాట్లు మిస్ చేసిన అని తన నోటితోనే చెప్పిండు, పడ్డయి గాదు పోయినయి లెక్కవెట్టుకున్నడు, నాకు గదే నచ్చింది. నువ్వు గూడ రోజూ రౌండ్ టైం నోట్‌బుక్కుల రాయి, 400 మీటర్ల ట్రాక్ అయితే నాలుగు రౌండ్లు, రౌండుకు 1 నిమిషం 48 సెకన్లు, చానామంది ఫస్ట్ రౌండే గుంజి మూడోదాంట్ల ఆగమైతరు, నీది యాడ పడిపోతుందో నీకే తెలుస్తది. మన కల్లెడ బిడ్డ, పారా అథ్లెట్ దీప్తి జీవాంజి 2024 మేల జపాన్‌ల కోబెల 400 మీటర్లు 55.07 సెకన్లల ఉరికి తన పారా విభాగంల వరల్డ్ రికార్డు కొట్టింది, పారిస్ పారాలింపిక్స్‌ల 55.82, అంటే తన బెస్ట్ కంటె స్లోనే, అయినా కాంస్యం వచ్చింది గదా! ఒక రోజు టైం తగ్గకుంటే పరేషాన్ గాకు. మోకాలు నొస్తే మాత్రం ఆ రోజు ఉరకకు, స్టేటస్‌ల ఎవరేం చెప్పినా సరే.