కన్వర్టర్ మార్చే ముందు అది ఎందుకు పోయిందో తేల్చుకోండి

పెట్రోల్ కారులో చెక్ ఇంజిన్ లైట్ వెలిగిందని, స్కానర్‌లో పీ0420 (కన్వర్టర్ సరిగా పనిచేయట్లేదని చెప్పే కోడ్) వచ్చిందని, మెకానిక్ కెటలిటిక్ కన్వర్టర్ (పొగ గొట్టం దారిలో ఉండి విషవాయువులను తగ్గించే భాగం) మార్చేయాల్సిందే అంటున్నాడని మీరు రాశారు. అప్పుడే సరేననకండి.

చాలా కార్లలో కన్వర్టర్‌కు ముందొకటి, వెనకొకటి ఆక్సిజన్ సెన్సర్లుంటాయి. ముందుదాని రీడింగ్ ఊగుతూనే ఉంటుంది. కన్వర్టర్ బాగుంటే వెనకదాని రీడింగ్ దాదాపు నిలకడగా ఉంటుంది. వెనకది కూడా ఊగడం మొదలుపెడితే కంప్యూటర్ ఈ కోడ్ వేస్తుంది. అయితే ఎగ్జాస్ట్ జాయింట్ లీకైనా, ఆ సెన్సరే పాడైనా ఇదే కోడ్ రావచ్చు. కాబట్టి ముందు లీక్ చూడమనండి, రెండు సెన్సర్ల లైవ్ రీడింగులు మీ ఎదురుగా చూపించమనండి.

మా కారుకైతే కన్వర్టర్ నిజంగానే పోయింది. కోడ్ రాకముందే బండి ఐడ్లింగ్‌లో వణికేది, పికప్ కూడా పడిపోయింది. విప్పి టార్చి వేసి చూస్తే లోపలి సన్నని గళ్ళు ఒక పక్కంతా కరిగి ముద్దకట్టేశాయి, పొగ పోయే దారే లేదు. అసలు దొంగ ఇగ్నిషన్ కాయిల్ (స్పార్క్ ప్లగ్‌కు కరెంట్ ఇచ్చేది)! ఒక సిలిండర్ మిస్‌ఫైర్ అవుతుంటే (సరిగా మండకపోతుంటే), అందులో మండని పెట్రోల్ వెళ్ళి కన్వర్టర్‌లో మండింది. కాయిల్ సంగతి చూడకుండా కొత్త కన్వర్టర్ బిగించి ఉంటే అదీ అదే దారి పట్టేది.

కన్వర్టర్ ఫిల్టర్‌లా మురికిని పట్టి ఉంచే వస్తువు కాదు. సిరామిక్ గళ్ళ మీద ప్లాటినం, పల్లాడియం, రోడియం పలుచగా పూసి ఉంటాయి (కన్వర్టర్ ధర అంత ఎక్కువ ఉండేది వీటి పుణ్యమే, దొంగల కన్ను కూడా వీటిమీదే). సుమారు 250–300 డిగ్రీల సెల్సియస్‌కు వేడెక్కాక కార్బన్ మోనాక్సైడ్‌ను కార్బన్ డయాక్సైడ్‌గా, మండని ఇంధనాన్ని కార్బన్ డయాక్సైడ్, నీటి ఆవిరిగా, నైట్రోజన్ ఆక్సైడ్లను మామూలు నైట్రోజన్‌గా మార్చేస్తుంది. ఈ లోహాలు మాత్రం ఖర్చైపోవు. అందుకే తనంతట తాను త్వరగా పోయే భాగం కాదిది. మిస్‌ఫైర్, ఇంజిన్ ఆయిల్ తాగడం, కూలెంట్ లోపలికి లీకవడం, ఇవే దాన్ని చంపేవి.

కన్వర్టర్ చల్లారాక దాన్ని రబ్బరు సుత్తితో మెల్లగా తట్టి చూడండి. లోపల గలగలమంటే గళ్ళు విరిగినట్టే.

కన్వర్టర్ తీసేసి ఖాళీ పైపు పెట్టిస్తే మైలేజ్ పెరుగుతుందని ఎవరైనా చెబితే వినకండి. విషవాయువులు నేరుగా బయటికొస్తాయి, వెనక సెన్సర్ దాన్ని పసిగట్టి చెక్ ఇంజిన్ లైట్‌ను మళ్ళీ వెలిగిస్తుంది.