ఎంపీసీ చదివిన పిల్ల టీచర్ అవుతానంటే

ప్రశ్న: మాది గుంటూరు బ్రాడీపేట. మా అమ్మాయి ఇంటర్ రెండో సంవత్సరం, ఎంపీసీ. మొన్న సెప్టెంబరు 5న కాలేజీలో ‘విద్యకు సేవ చేసిన మహనీయులు’ అనే అంశం మీద మాట్లాడమన్నారు. దానికోసం సావిత్రిబాయి ఫూలే, మాంటిస్సోరి, గిడుగు రామ్మూర్తి గారి గురించి చదివింది. అప్పట్నుంచీ ఇంజనీరింగ్ వద్దు, చదువు చెప్పే రంగంలోనే ఉంటానంటోంది. ‘లక్షలు పోసి చదివించింది టీచరమ్మని చెయ్యడానికా’ అని వాళ్ళ నాన్న, మా ఆడపడుచులు నన్నే అంటున్నారు. ఇది నాలుగు రోజుల ఉబలాటమా? దీంట్లో బతుకుతెరువు ఉందా? – ఒక తల్లి

జవాబు: అమ్మా, ఉబలాటమో కాదో నాకు తెలియదు. మీ అమ్మాయికీ ఇంకా తెలిసి ఉండదు. తేల్చుకోవడానికి ఒక చిన్న ఉపాయం ఉంది, కాసేపాగి చెప్తాను. ముందు ఆ పిల్ల చదివిన మనుషుల సంగతి చూద్దాం.

మన సభల్లో ఒక అలవాటుంది. ఫొటోకి దండ వేసి, ‘త్యాగమూర్తి’ అనేసి, సమోసాలు పంచి పంపేస్తాం. ఆ మనిషి పొద్దున లేచి ఏం పని చేసేవాడో, ఏం చేసేదో ఎవరూ చెప్పరు. మీ అమ్మాయి దండ చూసి ముచ్చటపడిందా, పని చూసి ముచ్చటపడిందా అన్నదే అసలు ప్రశ్న.

మాంటిస్సోరి చదివింది వైద్యం. బుద్ధిమాంద్యం ఉన్న పిల్లల దగ్గర డాక్టరుగా పనిచేస్తూ, వీళ్ళకి కావలసింది మందుకన్నా బోధన అని పట్టుకుంది. 1907లో రోమ్‌లో పేదల పేటలో ‘పిల్లల ఇల్లు’ మొదలుపెట్టింది. 1939లో టీచర్లకి శిక్షణ ఇవ్వడానికి మద్రాసు వచ్చి, యుద్ధం వల్ల 1946 దాకా మన దేశంలోనే ఉండిపోయింది. ఆ పేరుతో 1955లో మన విజయవాడలో బడి పెట్టింది కోటేశ్వరమ్మ గారు. 2017లో పద్మశ్రీ ఇచ్చారావిడకి. ఇవాళ సందుకో ‘మాంటిస్సోరి’ బోర్డు ఉంది. లోపల చూస్తే మూడేళ్ళ పిల్లలు నాలుగు గీతల కాపీలో ఏబీసీడీలు దిద్దుతుంటారు. ఆవిడ చూస్తే ఏమనుకునేదో!

గిడుగు వారి కథ నాకు మరీ ఇష్టం. పర్లాకిమిడి స్కూల్లో చరిత్ర పాఠాలు చెప్పే మాస్టారు. చుట్టుపక్కల కొండల్లో ఉండే సవర గిరిజనుల మాట ఆయనకి అర్థం కాలేదు. అర్థం కాకపోతే మనం ఏం చేస్తాం? వాళ్ళే మన మాట నేర్చుకోవాలంటాం. ఆయన ఎదురు చేశారు. సవర భాష తెలిసిన మనిషిని ఇంట్లో పెట్టుకుని నేర్చుకున్నారు, ఆ పిల్లలకి బడి పెట్టారు, ఆ భాషలో పుస్తకాలు రాశారు. ఆయన సవర వ్యాకరణం 1931లో అచ్చయింది. ఇటువైపు తెలుగు పాఠ్యపుస్తకాలు జనం మాట్లాడే తెలుగులో ఉండాలని పండితులతో పోట్లాట. మీరు ఉత్తరం రాసిన తెలుగు, నేను జవాబు రాస్తున్న తెలుగు ఆ పోట్లాటలోంచి వచ్చినవే.

సావిత్రిబాయి గురించి పిల్ల ఎలాగూ చదివింది. 1848లో పుణెలో ఆడపిల్లల బడి అని తేలిగ్గా రాసేస్తాం గానీ, పుణె దాకా వెళ్ళక్కర్లేదు. 1922లో ఉన్నవ లక్ష్మీబాయమ్మ, లక్ష్మీనారాయణ దంపతులు ఆడవాళ్ళ చదువు కోసం శారదా నికేతనం పెట్టింది మీ గుంటూరులోనే. మీ ఆడపడుచులతో మాటల్లో ఈ సంగతి కదపండి.

పుస్తకాల సంగతీ అంతే. 1914 ఏప్రిల్ 10న బెజవాడ రామ్మోహన గ్రంథాలయంలో అయ్యంకి వెంకటరమణయ్య గారు ఆంధ్ర గ్రంథాలయాల వాళ్ళందర్నీ ఒకచోట చేర్చారు. తర్వాత పాతూరి నాగభూషణం గారు 1935లో కొల్లూరు, పెదవడ్లపూడి మధ్య కాలవ మీద పడవలో లైబ్రరీ నడిపారు. అప్పట్లో లంక ఊళ్ళకి కాలవే రోడ్డు. జనం ఎటు వెళ్తుంటే పుస్తకాన్నీ అటే పంపారు. ఈ పనికి బీఈడీ అడిగినవాళ్ళెవరు?

ఉస్మానియాలో ప్రొఫెసరు జి. రాంరెడ్డి గారు బడి మానేసి కొట్టులోనో, ఆఫీసులోనో చేరిపోయినవాళ్ళ కోసం ఆలోచించారు. 1982లో హైదరాబాద్‌లో దేశంలోనే మొదటి ఓపెన్ యూనివర్సిటీ వచ్చింది, దానికి మొదటి వైస్ ఛాన్సలర్ ఆయనే. 1985లో వచ్చిన జాతీయ ఓపెన్ యూనివర్సిటీ ఇగ్నోకీ మొదటి వైస్ ఛాన్సలర్ ఆయనే. మీ బంధువుల్లో ఉద్యోగం చేస్తూ డిగ్రీ పూర్తి చేసినవాళ్ళు ఒక్కరైనా ఉంటారు, అడిగి చూడండి.

ఇంత ఎందుకు చెప్పానంటే, వీళ్ళలో ఒకరు డాక్టరు, ఒకరు భాష పట్టుకున్నవారు, ఒకరు పుస్తకాలు మోసినవారు, ఒకరు పెద్ద సంస్థ నడిపినవారు. అందరూ నల్లబల్ల ముందు నిలబడలేదు. అంచేత మీ అమ్మాయిని ‘నువ్వు ఎవరిలా అవుతావు’ అని అడక్కండి. వీళ్ళు చేసిన పనుల్లో ఏది చెయ్యబుద్ధి వేస్తోందో అడగండి. వెనకబడిన పిల్లలతో కూర్చోవడమా, పాఠం రాయడమా, లైబ్రరీయా, బడులు నడిపే పద్ధతా? జవాబుని బట్టి దారి మారుతుంది.

పాఠం చెప్పడమే అంటే, ఇంటర్ తర్వాత నేరుగా నాలుగేళ్ళ ఐటెప్ కోర్సు ఉంది. డిగ్రీ, బీఈడీ కలిపి వచ్చేస్తాయి. విడివిడిగా చదివితే అయిదేళ్ళు, ఇక్కడ ఒక ఏడాది మిగులుతుంది. దీనికి జాతీయ పరీక్షల సంస్థ ఎన్‌టీఏ పెట్టే ఎన్‌సీఈటీ అనే ప్రవేశ పరీక్ష రాయాలి, తెలుగులో కూడా రాయొచ్చు. ఎంపీసీ పిల్లకి బీఎస్సీ బీఈడీ సరిపోతుంది. వరంగల్ ఎన్‌ఐటీలో ఉంది. మైసూరులోని ప్రాంతీయ విద్యా సంస్థ మన రాష్ట్రానికీ వర్తిస్తుంది. ‘ఎన్‌ఐటీలో సీటు’ అంటే వాళ్ళ నాన్నగారి బీపీ కాస్త తగ్గొచ్చు.

ఒక చోట చాలామంది బోల్తా పడుతున్నారు. బీఈడీ ఉంటే ఏ క్లాసుకైనా చెప్పొచ్చని అనుకుంటారు. ఒకటి నుంచి అయిదు తరగతులకి బీఈడీ చెల్లదని 2023 ఆగస్టులో సుప్రీంకోర్టు చెప్పేసింది. చిన్న తరగతులకి చెప్పే ఎస్‌జీటీ పోస్టుకి టీచర్ డిప్లొమా, అంటే డీఎడ్ కావాలి, పై తరగతులకి చెప్పే స్కూల్ అసిస్టెంట్‌కి బీఈడీ. చిన్నపిల్లలకి చెప్పాలని ఉందో, పెద్దపిల్లలకో ముందే తేల్చుకోవాలి.

జీతం మాట దాచను. ప్రైవేటు బడుల్లో మొదట్లో చాలా తక్కువ ఇస్తారు. పైగా ఎండాకాలంలో అడ్మిషన్ల కోసం ఇంటింటికీ తిప్పుతారు. ప్రభుత్వ టీచర్ల నియామక పరీక్ష డీఎస్సీలో వస్తే జీతం గట్టిది, కానీ 2018 నోటిఫికేషన్ తర్వాత పెద్ద ఎత్తున పోస్టులు ప్రకటించింది 2025 మెగా డీఎస్సీలోనే, 16,347 పోస్టులతో. మధ్యలో కోచింగ్ సెంటర్లలోనే వయసు గడిచినవాళ్ళు నా దగ్గరికి వస్తుంటారు. డీఎస్సీ ఒక్కదాని మీదే కూర్చోవద్దంటాను. ప్రత్యేక అవసరాలున్న పిల్లలకి బోధించాలంటే భారత పునరావాస మండలి (ఆర్‌సీఐ) గుర్తింపున్న స్పెషల్ బీఈడీ ఉంది. పాఠ్యపుస్తకాలు, బడుల నిర్వహణ మీద ఆసక్తి ఉంటే డిగ్రీ తర్వాత అజీమ్ ప్రేమ్‌జీ యూనివర్సిటీలాంటి చోట్ల ఎంఏ ఎడ్యుకేషన్ చదవొచ్చు. ఇంజనీరింగ్ ప్రవేశ పరీక్ష ఈఏపీసెట్ మాత్రం రాయించండి. కాలేజీ ఫీజు కట్టేశారు, చదువూ నడుస్తోంది, రాస్తే పోయేదేం లేదు. ఇంట్లో టెన్షన్ కూడా తగ్గుతుంది.

ఇక ఉపాయం. కిందటేడు ఇలాగే ఒకమ్మాయి వచ్చింది. మా ఆఫీసు కింద ఇస్త్రీ బండి అతని కొడుకు మూడో తరగతి. వాణ్ణి కూర్చోబెట్టి, యాభై రెండులోంచి ఇరవై ఏడు తీసెయ్యడం నేర్పమన్నాను. ‘రెండులోంచి ఏడు పోదు కదా, పక్కనున్న అయిదుని ఒకటి అప్పు అడుగు’ అందా అమ్మాయి. వాడు పెన్సిల్ నోట్లో పెట్టుకుని, ‘మళ్ళీ ఎప్పుడు తిరిగివ్వాలి?’ అన్నాడు. నాకు నవ్వాగలేదు. ఆ అమ్మాయి మాత్రం నవ్వలేదు, ఒక నిమిషం ఊరుకుంది. తర్వాత పర్సులోంచి పదిరూపాయల కాగితాలు అయిదు, చిల్లర తీసి బల్ల మీద పరిచింది. ‘ఇది అప్పు కాదురా, నేనే తప్పు చెప్పాను. ఒక పదికాగితం చిల్లర మార్చుకుంటున్నాం’ అంది. వాడు నాణేలు ఒక్కొక్కటీ జరుపుతూ లెక్క చేశాడు. ఆ పిల్ల తర్వాత ఏ కోర్సులో చేరినా నాకు బెంగ లేదు.

మీ వీధిలో అలాంటి పిల్లవాడు దొరక్కపోడు. పరీక్షలయ్యాక రోజూ గంట చొప్పున ఒక నెల చెప్పనివ్వండి. పదో రోజుకి విసుగు పుడితే అదీ ఒక సమాధానమే, మందలించకండి. పక్కన కూర్చుని మీరు చూడండి, వీలైతే వాళ్ళ నాన్నగారినీ కూర్చోబెట్టండి. తర్వాత నాకు ఉత్తరం రాయండి. మీ అమ్మాయి ఏం చెప్పిందో, ఆ పిల్లవాడు ఏం అడిగాడో రెండూ రాయండి.