తెర మీద కథ, తెర బయట చట్టం

ప్రశ్న: మా కాలేజీలో లైంగిక హింస మీద ఒక సినిమా వేసి, తర్వాత ఒక బాధితురాలి చేత మాట్లాడించాలనుకుంటున్నాం. ఏమేం చూసుకోవాలి?
– అధ్యాపకురాలు, గుంటూరు

జవాబు: హాల్లో పూర్తి చీకటి వద్దు, తలుపు దగ్గర ఒక లైటు వెలగనివ్వండి. సినిమాలో ఎలాంటి దృశ్యాలున్నాయో ముందే చెప్పండి. మధ్యలో లేచి వెళ్ళేవాళ్ళను ఎవరూ ఆపకూడదు.

అసలు చిక్కు సినిమా అయ్యాక వస్తుంది. ఒక అమ్మాయి మీ దగ్గరికొచ్చి, ‘మేడమ్, నాకూ ఇలాగే జరిగింది, ఎవరికీ చెప్పొద్దు’ అంటుంది. జాలితో ‘చెప్పనులేమ్మా’ అనేస్తారు. ఆమెకు 18 నిండకపోతే ఆ మాట నిలబెట్టుకోలేరు. పిల్లల మీద లైంగిక నేరాలకు సంబంధించిన పోక్సో చట్టం 19వ సెక్షన్ ప్రకారం, విషయం తెలిసినవాళ్ళు పోలీసులకు చెప్పి తీరాలి. దాస్తే 21వ సెక్షన్ కింద ఆరు నెలల దాకా జైలు పడొచ్చు. ఇంటర్ పిల్లలు కూర్చునే సభ అయితే ఇది మరీ ముఖ్యం. ‘నీకు సాయం చేయగలవాళ్ళకే చెబుతాను, నీకు తెలియకుండా ఏదీ చేయను’ అనండి. ఆ పూట కౌన్సెలర్‌ని పక్క గదిలో కూర్చోబెట్టండి.

మాట్లాడే ఆమెకు ప్రశ్నలు వారం ముందే పంపండి, వద్దన్నవి కొట్టేయండి. ఆ రోజు పొద్దున రానన్నా బతిమాలొద్దు. సభలో ప్రశ్నలు చీటీల మీదే తీసుకోండి. లేకపోతే ‘ఆ టైములో అక్కడికెందుకెళ్ళారు’ అని మైకు పట్టుకుని అడిగేవాడు ఒకడు తేలతాడు. ఫోన్లలో రికార్డింగ్ వద్దు. కేసు విచారణలో ఉంటే మాత్రం జరిగినదాన్ని వేదిక మీద చెప్పించొద్దు. ఆ మాటలకూ సాక్ష్యానికీ కాస్త తేడా వచ్చినా, ఎదుటి లాయరు క్రాస్ ఎగ్జామినేషన్‌లో దాన్నే పట్టుకుంటాడు. అన్నట్టు, ఆమెకు దారిఖర్చులూ పారితోషికమూ ఇవ్వండి. శాలువాతో సరిపెట్టకండి.

ప్రశ్న: నిజంగా జరిగిన ఘటన మీద షార్ట్ ఫిల్మ్ తీస్తున్నాం. పేరు మార్చాం. చాలదా?
– హైదరాబాద్

జవాబు: చాలదు. ఊరు, తండ్రి వృత్తి, కాలేజీ యూనిఫాం, ఈ మూడూ కలిస్తే ఆ వీధివాళ్ళు ఇట్టే పోల్చుకుంటారు. పరోక్షంగానైనా గుర్తుపట్టే వివరమేదీ బయటికి రాకూడదని 2018 డిసెంబరులో నిపుణ్ సక్సేనా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అలా బయటపెడితే, ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహిత 72వ సెక్షన్ కింద రెండేళ్ళ దాకా జైలు, జరిమానా ఉన్నాయి. బాధితురాలు మేజరైతే ఆమె రాతపూర్వకంగా అనుమతించవచ్చు. మైనరైతే ప్రత్యేక కోర్టే అనుమతివ్వాలి. 2019లో హైదరాబాద్ శివారు ఘటన తర్వాత బాధితురాలిని పోలీసులు ‘దిశ’ అని పిలవమన్నారు. అప్పటికే అసలు పేరూ ఫొటోలూ ఫోన్లలో తిరిగేశాయి. సానుభూతితో పంపినవాళ్ళే ఎక్కువ. చట్టం దృష్టిలో అదీ తప్పే.

మీరడగకపోయినా ఒక మాట. విలన్ని చీకటి సందులోని అపరిచితుడిగా పెట్టారా? జాతీయ నేర గణాంకాల్లో పదింట తొమ్మిదికి పైగా అత్యాచారం కేసుల్లో నిందితుడు తెలిసినవాడే. బంధువు, పక్కింటివాడు, పెళ్ళి చేసుకుంటానన్నవాడు. మన సినిమాలు సందుల్లోనే తిరుగుతుంటే, ఇంట్లో జరిగినదాన్ని పిల్లలు ‘ఇది అత్యాచారం కాదేమో’ అనుకుని మింగేస్తారు.

ప్రశ్న: స్నానం చేసినా, రెండ్రోజులు దాటినా ఇక కేసు లేనట్టే అని సినిమాల్లో చూపిస్తారు. నిజమేనా?
– ఒక తల్లి, కరీంనగర్

జవాబు: కాదు. స్నానం చేసినా సరే, ఆస్పత్రికి వెళ్ళాలి. కేంద్ర ఆరోగ్యశాఖ 2014 మార్గదర్శకాల ప్రకారం 96 గంటల దాకా నమూనాలు తీసుకోవచ్చు. అవి దొరక్కపోయినా కేసు పోదు. ఆలస్యం ఒక్కటే కారణంగా ఫిర్యాదును తోసిపుచ్చకూడదని సుప్రీంకోర్టు 1996లోనే చెప్పింది. అప్పటి బట్టలు ఉతక్కుండా కాగితం సంచిలో పెట్టండి. ప్లాస్టిక్ కవర్లో చెమ్మ పట్టి పాడవుతాయి.

గడియారం చూసుకోవాల్సింది మందుల విషయంలో. హెచ్ఐవి రాకుండా వాడేవి 72 గంటల్లోపు మొదలుపెట్టి 28 రోజులు మింగాలి. గర్భం రాకుండా వేసుకునే మాత్ర ఎంత తొందరగా వేస్తే అంత మేలు. ఎఫ్ఐఆర్ లేదని ఏ ఆస్పత్రీ వెనక్కి పంపకూడదు, ప్రైవేటుదైనా ఉచితంగా ప్రథమ చికిత్స చేయాలి. యోనిలో వేళ్ళు పెట్టి చూసే ‘రెండు వేళ్ళ పరీక్ష’ చేస్తామంటే ఒప్పుకోవద్దు. అలా చేసేవాళ్ళను దుష్ప్రవర్తన కింద బాధ్యుల్ని చేస్తామని 2022లో సుప్రీంకోర్టు హెచ్చరించింది. ఘటన ఎక్కడ జరిగినా, ఫిర్యాదు ఏ స్టేషన్‌లోనైనా రాస్తారు, దాన్నే జీరో ఎఫ్ఐఆర్ అంటారు. సాయానికి 181, పిల్లలైతే 1098.